బుద్ధి కరువు మండలం

...అయినా మొద్దుతనం అనేది మనిషి లోపల ఎక్కడో ఉండే వస్తువా, లేక ఎదుటివాడు చూస్తున్నప్పుడు మాత్రమే వచ్చి మొహం మీద వాలే ఈగలాంటిదా, గదిలో ఒంటరిగా కూర్చున్న మనిషి మొద్దుగా ఉండటం సాధ్యమేనా, ఉంటే ఎవరితో పోల్చుకుని ఉంటాడు, అని నేను ఆలోచిస్తూ ఉండగా చేతిలోని గడియారం తన పాటికి తను నడిచిపోతోంది.

"అయిపాయ సార్. సూడు."

బల్ల మీద ఎరుపు తెలుపు చెక్కముక్కలన్నీ అట్టమీది బొమ్మలో ఉన్నట్టే అమరి ఉన్నాయి. గడియారం ఆపాను. ఆలోచనలో పడి ఆలస్యంగా ఆపాను, అయినా ఆవిడ వేగం మా పట్టికలో ఉన్న వేగాలన్నింటినీ దాటిపోయింది.

"కరెక్టేనా?"

"ఊఁ. తర్వాతిది చూడండి."

"అడిగినప్పుడల్లా తర్వాతిది, తర్వాతిది అంటావు. ఒగసారన్నా చెప్పచ్చు గదా."

చెప్పకూడదు. బుద్ధి పరీక్ష పెట్టేవాడు జవాబు తప్పో ఒప్పో పైకి తెలియనివ్వకూడదు. కనుబొమ ఎత్తకూడదు, పెదవి విరవకూడదు, ఒప్పు చెప్పినవాడి వైపు తప్పు చెప్పినవాడి వైపు చూసినదానికంటే ఎక్కువసేపు చూడకూడదు. శిక్షణలో మమ్మల్ని అద్దాల ముందు కూర్చోబెట్టి ఏ భావమూ లేని మొహం నేర్పించారు. నాతో నేర్చుకున్నవాళ్లు సాయంత్రం కాగానే ఆ మొహాన్ని విప్పేసి ఇళ్లకు పోయేవారు. సైకిల్ షాపు పైగదిలో నేనొక్కడినే ఉంటాను గనుక దాన్ని విప్పవలసిన అవసరం నాకు కలగలేదు. ఇప్పుడు నా లోపలే ఇద్దరు ఉన్నారు. ఒకడు అడుగుతాడు, ఒకడు చెబుతాడు. అడిగినవాడు రెండోవాడు ఎంత ఆలస్యం చేశాడో రాసుకుంటాడు. బాగుందని ఎప్పుడూ అనడు.

నా ఎదురుగా కూర్చున్నావిడ పేరు ఓబుళమ్మ. బస్టాండు గోడ పక్కన బండి మీద బొరుగుల ఉగ్గాని, మిరపకాయ బజ్జీ అమ్ముతుంది. ఆమె భర్త కిష్టప్ప లారీల మీద సరుకు ఎత్తేవాడు, పోయి చాలాకాలమైంది. వితంతు పింఛనుతో గ్యాస్ సిలిండరు తెచ్చుకుంటుంది. సిలిండరు ఉంటేనే బండి. కట్టెల పొయ్యి పెడితే ప్రయాణికుల కళ్లు మండుతున్నాయని డిపోవాళ్లు ఇదివరకే ఓసారి బండిని రోడ్డు అవతలికి నెట్టించారు. ఈ పరీక్షలో ఆవిడ గీత దాటిందా, పింఛను ఆగుతుంది. పింఛను ఆగిందా, పొయ్యి ఆగుతుంది.

ఆ గీత ఎక్కడి నుంచి వచ్చిందో చెప్పాలి.

ఆచార్య జగదానందంగారు రాజనీతి శాస్త్రవేత్త. మనుషుల బుద్ధి గురించీ, వాళ్ల మధ్య అసమానతల గురించీ, సర్కారు చేసే సాయాల గురించీ మూడు సంపుటాలు రాశారు. కొందరు ఎందుకు పైన ఉన్నారు, కొందరు ఎందుకు కింద ఉన్నారు అన్నది ఆయన ప్రశ్న. పైన ఉన్నవాళ్లకి బుద్ధి ఉంది, కింద ఉన్నవాళ్లకి లేదు అన్నది ఆయన జవాబు. బుద్ధి పుట్టుకతో వచ్చేది కాబట్టి సాయం చేస్తే బుద్ధి ఉన్నవాడు చెడిపోతాడు, లేనివాడు మారడు. ఇది మొదటి సంపుటం పీఠికలో ఉంది. రాజధానిలో ఎవరో పెద్ద అధికారి రైల్లో ఆ పీఠిక చదివారట. ఆయన దిగవలసిన స్టేషను రాకముందే అది విధానమైపోయింది. మిగతా పుటలు ఎవరూ చదవలేదు. చదవవలసిన అవసరం పీఠికే లేకుండా చేసింది.

అప్పటినుంచి ప్రతి జిల్లాలో ఒక బుద్ధి మాపన కేంద్రం వెలిసింది. మాది పాత వేరుశనగ గిడ్డంగిలో పెట్టారు. నూనెచెక్క వాసన ఇంకా గోడల్లోనే ఉంది. పరీక్షకి వచ్చినవాళ్లకి ఆ వాసన తగలగానే ఆకలేస్తుంది, ఆకలేస్తే అంకెలు తప్పుతాయి. ఆ సంగతి రాసి పంపితే, ఆకలి కూడా పుట్టుకతో వచ్చేదే గనుక పరిగణించనక్కరలేదని జవాబు వచ్చింది.

గీతకి పైనున్నవారు 'స్వయంసమర్థులు', వారికి సాయం లేదు. కిందనున్నవారు 'మందమతులు', వారికి పింఛను, బియ్యం, మిగతావి ఉంటాయి. మా డైరెక్టరు సర్వోత్తమరావుగారు ఈ నియమాన్ని ప్రారంభోత్సవం రోజున నిలబడి చదివారు. ఆయన నిలబడితే మేమంతా నిలబడాలి.

"బుద్ధిమంతునకు సాయము చేయుట యనగా అతని బుద్ధిని శంకించుటయే యగును. ప్రభుత్వము తన పౌరులకు అట్టి అవమానమును కలిగింపజాలదు."

కొలిచేవారిని కొలవరు గనుక ఉద్యోగులకు పరీక్ష లేదు. హోదాను బట్టి మా అందరికీ గౌరవ పూర్వకంగా నూటికి నూరు వేశారు.

మొదటి విడతలో జనానికి ఏమీ తెలియదు. పరీక్ష అంటే పరీక్షే అనుకున్నారు. తలకి నూనె రాసుకుని, ఉతికిన బట్టలు కట్టుకుని వచ్చారు. గీత దాటినవాళ్లని ఊళ్లో పలకలు, డప్పుల మోతతో ఊరేగించారు. ఒక తండ్రి తన కొడుక్కి గుండు చేయించి మొక్కు తీర్చాడు. పై నెల పింఛన్లు ఆగాయి. మొక్కు తీర్చిన తండ్రి వచ్చి, మా డైరెక్టరుగారి ఎదుటనే కొడుకు గుండు మీద ఒకటి మొట్టి, "వీడు మొద్దు సార్, మా వంశంలో తెలివి యాడుండాది సార్" అని ఏడ్చాడు.

రెండో విడతకి జిల్లా మొత్తం నేర్చుకుంది. రిటైరైన హెడ్మాస్టరుని సూర్యుడు ఏ దిక్కున ఉదయిస్తాడని అడిగితే, కళ్లు మూసుకుని చాలాసేపు ఆలోచించి, "బళ్లారి తట్టు" అని పడమర చూపించాడు. చెప్పాక ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి. అన్నేళ్లు పిల్లలకి చెప్పిన తూర్పు ఒక్కసారి ఆయన మీద తిరగబడినట్టుంది. నేను ఏ భావమూ లేకుండా రాసుకున్నాను.

అలాంటి విడతలో నా బల్ల ముందు ఓబుళమ్మ ఒక్కతే ముక్కలన్నీ సరిగ్గా పేరుస్తూ, అంకెల్ని వెనకనుంచి గడగడా చెబుతూ కూర్చుంది. చివరికి నేను కాగితాలు మూసి, మంచినీళ్లు తాగుతున్నట్టు గ్లాసు అడ్డం పెట్టుకుని అన్నాను.

"అమ్మా, గీత దాటితే పింఛను ఆగిపోతుంది. ఆ సంగతి తెలుసు కదా?"

"తెల్సు సార్. వీధి వీధంతా తెల్సు. మా పక్కింటామె నిన్న వేళ్లు లెక్కపెట్టమంటే పదకొండు చెప్పెనంట గదా. ఇంటికొచ్చి అందరికీ పాయసం పెట్టె."

"మరి మీరు?"

ఆవిడ ముక్కల్ని పెట్టెలో సర్దుతోంది. అది నా పని, అయినా సర్దుతోంది.

"మా ఆయప్ప పెండ్లయిన దినమే మొదులుపెట్టినాడు సార్, మొద్దు, మొద్దు అని. కూరలో ఉప్పెక్కువైతే మొద్దు. తక్కువైతే మొద్దు. సరింగా ఉంటే, ఈ పొద్దు మొద్దుకు అదృష్టం తగిలింది అంటాండె. సచ్చిపోయే దినం ఆస్పత్రిలో నర్సమ్మ నాకు మాత్రలెట్లెయ్యల్లో చెప్తాంటే, మంచంలో పండుకున్నోడు కండ్లు తెరిచి, ఆమెకు చెప్పొద్దమ్మా, ఆమెకు తెలీదు, అనె. అదే కడా మాట. నాకు ఏడుపు గూడా సగంలో ఆగిపాయ."

"ఊఁ," అన్నాను. ఇది ప్రశ్నల్లో లేని జవాబు. ఎక్కడ రాసుకోవాలో తెలియలేదు.

"ఇప్పుడు చూడు, గవర్మెంటు కచేరీ. కుర్చీ ఏసి, ఫ్యానేసి, సదువుకున్నాయన ఎదురుగ్గా కూచ్చోని ఓబుళమ్మా చెప్పు అంటాండాడు. తెల్సినదాన్ని తెల్దని ఎందుకు చెప్పల్ల? ఆయప్ప పైనుంచి ఇని నవ్వేదానికా?"

గీతకి చాలా పైన ఆవిడ మార్కు పెట్టాను. పింఛను ఆగింది.

జిల్లాలో మిగతా దాదాపు అందరూ గీత కిందకి జారిపోవడంతో రాజధాని నుంచి సంజాయిషీ అడిగారు. సర్వోత్తమరావుగారు ఒక రోజంతా తలుపు వేసుకుని ఆలోచించారు. మా జిల్లాలో పుట్టి పెరిగిన అధికారికి ఏ గ్రాఫు కిందికి జారినా తోచేది ఒకటే. తలుపు తీసి బయటికి వచ్చి, "కరువు," అన్నారు.

వానలు లేకపోతే కరువు మండలం అని ప్రకటించి అదనపు సాయం పంపుతారు గదా. బుద్ధి లేకపోతే బుద్ధి కరువు మండలం. అన్ని జిల్లాలకీ కొత్తది, మాకు మాత్రం అలవాటైన కాగితమే. వర్షపాతం అన్నచోట బుద్ధిపాతం అని దిద్ది పంపారు. పరిశీలక బృందం కార్లలో దిగింది. అలవాటు ప్రకారం వాళ్లు మొదట పొలం గట్టు మీదికి పోయి ఎండిన వేరుశనగ మొక్క ఒకటి పీకారు. ఇది ఆ కరువు కాదని చెప్పాక మొక్క కింద పడేసి, అక్కడే నిలబడ్డ రైతు గడ్డం పట్టుకుని మొహం అటూ ఇటూ తిప్పి చూశారు.

"ఎప్పటి నుంచి?" అని అడిగారు నాయకుడు.

"ఏది సార్?"

"అదే. ఈ పరిస్థితి."

"మీరొచ్చినప్పట్నుంచి సార్," అన్నాడు రైతు.

నాయకుడు తల పంకించి, తీవ్రత అధికం అని రాసుకున్నారు.

జాబితాలో చేరని మండలాల్లో గొడవలు మొదలయ్యాయి. ఒక శాసనసభ్యుడు కలెక్టరాఫీసు ముందు టెంటు వేసుకుని కూర్చున్నాడు. "పక్క మండలానికంటే మా మండలం ఏ విధంగా తెలివైనదో అధికారులు రుజువు చేయాలి! మా ప్రజల మీద ఈ సవతి ప్రేమ ఏంటి? మొద్దులుగా గుర్తించేదాకా మంచినీళ్లు ముట్టం!" అని మైకులో అరిచాడు. సాయంత్రానికి కలెక్టరుగారు నిమ్మరసం ఇచ్చి, మండలాన్ని జాబితాలో చేర్చి, ఆయన దీక్ష విరమింపజేశారు. టపాకాయలు కాల్చారు.

ఇంత జరిగాక కోచింగ్ సెంటరు రాకుండా ఉండదు. చౌడప్ప మాస్టారు ఇంజనీరింగు ప్రవేశ పరీక్షలకి లెక్కలు చెప్పేవాడు. ఇప్పుడు క్లాక్ టవర్ దగ్గర ఆయన ఫ్లెక్సీలే. నూనె కారుతున్న మొహాలు వరుసగా, కింద పేర్లు. 'జిల్లా ఆఖరి ర్యాంకు మాదే! ఆఖరి పదిలో తొమ్మిది మావే! మాతో చేరండి, గీత కిందకి రండి!' ఒకరోజు మధ్యాహ్నం ఆయన మా కేంద్రానికి వచ్చి, గుమ్మం దగ్గరే చెప్పులు విప్పి నా ఎదురుగా కూర్చున్నాడు.

"సిలబస్ ఒగసారి క్లారిటీ ఇస్తే బాగుంటుంది సార్."

"బుద్ధికి సిలబస్ ఉండదండీ."

"బుద్ధికి లేదు సార్, దానికి ఎవరూ రావడం లేదు. మేం చెప్పేది రెండోదానికి." ముందుకి వంగాడు. "అన్నీ తప్పులు రాస్తే పట్టుకుంటారని మావాళ్లకి చెప్తాండా. అక్కడక్కడా ఒగటి కరెక్టు పడల్ల, అది గూడా అనుకోకుండా పడినట్టుండల్ల. అదే సార్ కష్టం. మా బ్యాచ్‌లో ఒగాయనకు ఎంత చెప్పినా రావడం లేదు. తప్పు రాసిన తర్వాత మొహంలో చిన్న నవ్వొస్తాది. ఆ నవ్వు తీసేదానికి ఏమన్నా టెక్నిక్ ఉండాదా సార్? మీ మొహం చూస్తే మీరు బాగా ప్రాక్టీస్ చేసినట్టుండాది."

లోపల అడిగేవాడు చెప్పేవాడి వైపు చూశాడు.

"ఓబుళమ్మకు ఫ్రీ సీటు ఇస్తామన్నా సార్," అని లేచాడు చౌడప్ప. "ఉగ్గాని పొట్లం చేతిలో పెట్టి పంపించె. పొట్లం మాత్రం బాగుండె."

నేనూ ఆ సాయంత్రం నుంచి బస్టాండు మీదుగా నడిచి వెళ్లడం మొదలుపెట్టాను. ఎందుకో నాకే స్పష్టంగా తెలియదు. పరీక్ష తర్వాత పరీక్షార్థిని గమనించడం మా శాస్త్రంలో ఒక పద్ధతి, అని నాకు నేను చెప్పుకున్నాను. ఆవిడ బండి రోడ్డు అవతలికి పోయింది. కట్టెల పొగలో కళ్లు తుడుచుకుంటూ బజ్జీలు వేస్తోంది. బస్సు దిగినవాళ్లు రోడ్డు దాటి రావడం లేదు. వచ్చే ఒకరిద్దరూ ఎగతాళికి వచ్చేవాళ్లే.

"ఏమ్మా తెలివిగలదానా, రెండు బజ్జీలియ్యి. నూనెలో ఏసే ముందు వెనకనుంచి లెక్కపెడ్తావంట గదా?"

ఆడబిడ్డ లింగమ్మ పక్కనే అరుగు మీద ఆకూవక్కా నములుతూ, "మాయన్న ఊరికే అంటాండెనా? పింఛను పోగొట్టుకునే తెలివి ఎవరికుంటాది?" అనేది. ఓబుళమ్మ వాళ్లకి జవాబు చెప్పదు. నన్ను చూస్తే మాత్రం పొట్లం కట్టి ఇస్తూ, "ఆ దినం కరెక్టేనా సార్?" అనేది. నేను పొట్లం అందుకుని, "బాగుంది," అనేవాణ్ని, ఉగ్గాని గురించి.

ఒక సోమవారం సర్వోత్తమరావుగారు మా అందరినీ పిలిచారు. రాజధానిలో బుద్ధి కరువు బిల్లు చూసి కళ్లు తిరిగాయట. ఎలాగైనా గీత కింద జనాన్ని తగ్గించాలి. ఆయన నా వైపు తిరిగారు.

"విరూపాక్షంగారూ, మీరు మనశ్శాస్త్రం చదివినవారు. మొద్దుతనం నటించాలంటే మనిషికి ఏం ఉండాలి?"

"తెలివి ఉండాలండి."

"అయితే మన జిల్లాలో గీత కింద ఉన్న జనం అంతా?"

మెట్లు దిగుతున్నవాడికి చివర ఇంకొక మెట్టు ఉందనిపించి కాలు గాల్లో పడినట్టు అయింది నాకు. "తెలివైనవారు కావచ్చండి."

"కావచ్చు కాదు. కావలెను. మరి గీత పైన మిగిలిపోయినవారు? ఇంత కోచింగు ఉండి, ఇంత ప్రోత్సాహం ఉండి, కనీసం తప్పు రాయడం కూడా చేతకానివారు?"

ఆయన మా మొహాలన్నీ వరసగా చూశారు.

"నిజ మందమతులు," అన్నారు ఆయన, పసిబిడ్డకి పేరు పెడుతున్నంత మృదువుగా.

ఆచార్య జగదానందంగారికి ఫోను చేశారు. ఇదంతా తన రెండో సంపుటంలో ముందే ఉందని ఆయన అన్నారు. బుద్ధి కరువు గురించి అడిగినప్పుడు కూడా, అది మూడో సంపుటంలో ఉందన్నారు.

వారం తిరక్కుండా నియమం వచ్చింది. గీత కిందివారు 'కపట మందమతులు' గనుక స్వయంసమర్థులు, సాయానికి అనర్హులు. గీత పైవారు నిజ మందమతులు, అర్హులు. ఆ కాగితాన్ని డైరెక్టరుగారు మాకు చదివి వినిపిస్తూ, మధ్యలో ఒకచోట ఆగారు. కళ్లద్దాలు తుడుచుకుని మళ్లీ చదివారు. గౌరవ పూర్వకంగా నూటికి నూరు వచ్చినవాళ్లం ఈ గదిలోనే ఉన్నాం.

నేను మనసులో ఆ నిశ్శబ్దానికి కూడా సమయం చూసుకున్నాను.

"నియమానికి మొహమాటం ఉండదు," అన్నారు చివరికి సర్వోత్తమరావుగారు. "సాయానికి దరఖాస్తులు ఎక్కడ?"

దరఖాస్తులు ఇచ్చిన గంటలోనే గొడవ. జాబితా టైపు చేసినప్పుడు సూపరింటెండెంటు వీరభద్రయ్య పేరు డిప్యూటీ డైరెక్టరు పేరుకన్నా పైన పడింది.

"ఇరవయ్యేళ్ల సర్వీసు నాది!" అని డిప్యూటీ డైరెక్టరు బల్ల మీద కొట్టారు. "నా కింద పనిచేసినవాడు నాకంటే పెద్ద మందమతి ఎలా అవుతాడు?"

"ప్రతిభ చూసి వేశారేమో సార్," అన్నాడు వీరభద్రయ్య.

సీనియారిటీ ప్రకారమే మందమతిత్వం నిర్ణయించాలని సర్వోత్తమరావుగారు తీర్పు చెప్పారు. అందరికన్నా పైన ఆయన పేరు వచ్చింది. వినయంగా అంగీకరించారు. నేను దరఖాస్తు పెట్టలేదు. నాకు విచక్షణ ఉండి కాదు. ఆ కాగితం మీద 'మీ గురించి మీ స్వంత అభిప్రాయము' అని ఒక గడి ఉంది, దాని ముందు కూర్చుని సాయంత్రం దాకా ఆలోచించాను. గడువు అయిపోయింది.

ఆ సాయంత్రమే దాదాపు పరిగెత్తుతూ ఓబుళమ్మ దగ్గరికి వెళ్లాను. మనుషులకి మంచి వార్త చెప్పడం నాకు అలవాటు లేదు. మొహం దానికి సహకరించలేదనుకుంటా.

"ఏమాయ సార్? ఎవురన్నా పోయినారా?"

"మీ పింఛను వచ్చిందమ్మా. ఆగిన నెలలవి కూడా కలిపి ఇస్తారు. బండి మళ్లీ గోడ పక్కకి తెచ్చుకోవచ్చు."

ఆవిడ గరిట పక్కన పెట్టింది. పొగకి ఎర్రబడ్డ కళ్లు నా మీద నిలిపింది. "ఏమని ఇస్తారు?"

"అంటే?"

"ఉత్తగా ఇయ్యరు గదా. నేనేమని రాసుకున్నారు?"

నియమం చెప్పాను. మొదటి నుంచి, గీత, కింద, పైన, కపటం, నిజం. రెండుసార్లు చెప్పాను, ఆవిడకి మొదటిసారే అర్థమైనా.

"నిజ మందమతి," అంది ఆవిడ. "నిజ."

"అవునమ్మా."

"ఆయప్ప ఉత్త మొద్దని అంటాండె సార్. మీరు నిజమని గూడా చేర్చినారే."

లింగమ్మ అరుగు మీద నుంచి పడీ పడీ నవ్వింది. "మాయన్న చెప్పినదానికి సర్కారు సీలేసినట్లాయె!"

ఓబుళమ్మ కట్టెలు కాస్త వెనక్కి లాగి మంట తగ్గించింది. "కాగితంలో ఏమన్నా రాసుకోని సార్. కాగితాలు ఎవురు సదువుతారు? ఎట్లిస్తారు దుడ్లు?"

"మార్కెట్ యార్డులో సభ పెట్టి ఇస్తారు. పేరు పిలిచినప్పుడు వేదిక మీదికి రావాలి. రాకపోతే రద్దు."

"పేరొకటే పిలుస్తారా?"

నేను తల అడ్డంగా ఊపాను. పేరు, వర్గం రెండూ చదవాలని నియమం.

"అయితే నేను లేసి రాను సార్. వీధంతా కూచ్చోనింటాది. ఈమె కూచ్చోనింటాది." లింగమ్మ వైపు గడ్డంతో చూపించింది. "నీళ్ల బొక్కెనెత్తుకోని రోడ్డు దాటేదానికి మోకాళ్లు రావడంలేదు, పొగకి కండ్లు రావడంలేదు. గ్యాసు కావల్ల, అబద్ధమెందుకు చెప్తా. సభకొస్తా. కూచ్చుంటా. ఆ మాటకు మాత్రం లేయను. ఎవురు సదువుతారు సార్ మైకులో?"

"నేనే," అన్నాను.

ఆ రోజు ఆవిడ పొట్లం కట్టలేదు.

సభ రోజున యార్డులో వేరుశనగ బస్తాలు పక్కకి నెట్టి షామియానా వేశారు. ఆచార్య జగదానందంగారు స్వయంగా వచ్చారు. బక్కపలచని మనిషి, మెత్తని గొంతు, చూస్తే ఎవరికీ చెడు చేయాలని ఉన్నట్టు కనిపించరు. శాలువా కప్పగానే, తన సిద్ధాంతం ప్రకారం అసమానత సహజమైనదనీ, ఈ జిల్లాలో అది రెండువైపుల నుంచీ రుజువైనందుకు ఆనందంగా ఉందనీ అన్నారు. నాలుగో సంపుటం రాస్తున్నారట. చప్పట్లు కొట్టారు.

తర్వాత నన్ను మైకు దగ్గరికి పిలిచారు. ముందు అధికారులు.

"శ్రీ సర్వోత్తమరావుగారు, డైరెక్టరు. నిజ మందమతి."

ఆయన లేచి, పంచె సవరించుకుని, జనానికి నమస్కారం చేసి చెక్కు అందుకున్నారు. ఫొటోగ్రాఫరు ఇంకొకసారి అందుకోమన్నాడు, అందుకున్నారు. తర్వాత డిప్యూటీ డైరెక్టరు. తర్వాత, వీరభద్రయ్య. నా గొంతు ఎక్కడా ఎక్కలేదు, దిగలేదు. పేరు, వర్గం. పేరు, వర్గం. అధికారులు అయిపోయాక మామూలు జనం. గీత పైన మిగిలిపోయినవాళ్లు మా జిల్లాలో అట్టే లేరు. తప్పు రాయడానికి సిగ్గుపడ్డ ఒక ముసలి పోస్టుమ్యాను, ఒట్టు వేసుకున్న కారణంగా అబద్ధం ఆడలేకపోయిన ఒక దర్జీ. ఆ మాట వినగానే వాళ్లు తల దించుకుని వచ్చి, తల దించుకునే వెళ్లారు. జనం నవ్వారు. ఎక్కువగా నవ్వింది కపట మందమతులే. పింఛను పోయిన కోపం వాళ్లకి అక్కడ తీరుతోంది.

తర్వాతి పేరు ఓబుళమ్మది.

ముందు వరుసల్లోనే ఉంది. ఉతికిన చీర కట్టుకుని వచ్చింది. రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని, వెన్ను నిటారుగా పెట్టి, కుర్చీకి మేకులు కొట్టి బిగించినట్టు కూర్చుంది. పక్కన లింగమ్మ ఆ రెండు మాటల కోసం నోట్లో ఆకూవక్కా నమలడం కూడా ఆపేసి సిద్ధంగా ఉంది. ఆవిడ లేవదు. నాకు తెలుసు. ఎవరి విషయంలోనైనా ముందుగా ఏం జరుగుతుందో నాకు ఇంత కచ్చితంగా తెలియడం ఇదే మొదటిసారి, దానికి ఏ పరీక్షా అవసరం కాలేదు. లేవకపోతే చెక్కు వెనక్కి పోతుంది. రేపు మళ్లీ పొగ.

ఇన్నాళ్లలో ఎంతమంది జవాబులు విన్నాను. ఒక్కరికైనా ఏమీ చెప్పలేదు. వాళ్లు ఆ కుర్చీలోంచి లేచి వెళ్లేటప్పుడు తలుపు దగ్గర ఒక్క క్షణం ఆగి వెనక్కి చూసేవారు. గది నచ్చి చూస్తున్నారనుకునేవాణ్ని. మొద్దుతనం మొహం మీద వాలే ఈగే అయితే, ఎవరో ఒకరు చెయ్యెత్తి తోలాలి గదా, అది తనంతట తను ఎందుకు లేస్తుంది, అని లోపల అడిగేవాడు అడిగాడు. చెప్పేవాడు ఆలస్యం చేస్తున్నాడు. మైకులో నా ఊపిరి యార్డంతా వినిపిస్తోంది.

"చదవండి విరూపాక్షంగారూ," అన్నారు డైరెక్టరుగారు వెనకనుంచి, మెల్లగా. "చెక్కు నా చేతిలోనే ఉంది."

నేను కాగితం మీద నుంచి తల ఎత్తి, ఆవిడ వైపు చూస్తూ చదివాను.

"ఓబుళమ్మగారు. తెలివైన మనిషి."